రాతి సింహాన్ని లేపిన ఇంజనీరు

సినిమా చూస్తూ మనం నవ్వుతాం, ఏడుస్తాం. ముక్కలు ముక్కలుగా తీసి అతికించిన బొమ్మలు మన మనసును ఇంతగా ఎలా పట్టుకుంటాయి? ఈ ప్రశ్నకు జవాబు వెదకడానికే జీవితం ధారపోసిన రష్యన్ దర్శకుడు సెర్గీ ఐసెన్‌స్టీన్ గురించి తెలుసుకుందాం.

ఆయన 1898లో రీగా నగరంలో పుట్టారు. అప్పుడది రష్యా సామ్రాజ్యంలో ఉండేది, ఇప్పుడు లాత్వియా రాజధాని. తండ్రి పేరున్న భవన శిల్పి. కొడుకు కూడా ఆయన బాటలోనే పెట్రోగ్రాడ్‌లో సివిల్ ఇంజనీరింగ్ చదువులో చేరారు. మన ఇళ్ళలో ఇది తెలిసిన కథే! 1917లో విప్లవం వచ్చింది. మరుసటి ఏడు ఆయన చదువు వదిలి ఎర్రసైన్యంలో చేరారు. తండ్రి ఎదుటి పక్షానికి వెళ్ళారు. సైన్యం తర్వాత మాస్కోలో నాటకాలు, ఆపైన సినిమాలు.

1920లో ఆయన జపాన్ భాష నేర్చుకోసాగారు. ఆ లిపిలో నీటి గుర్తు, కంటి గుర్తు కలిస్తే ఏడుపు; నోరు, పక్షి కలిస్తే కూత. రెండు బొమ్మలు కలిస్తే, రెండింటిలోనూ లేని మూడో అర్థం పుడుతుంది. సినిమాలో షాట్ల కూర్పు కూడా ఇంతేనని 1929లో ఒక వ్యాసంలో వివరించారు. దీనినే మాంటేజ్ అంటారు.

1925లో, 27 ఏళ్ళ వయసులో తీసిన 'బాటిల్‌షిప్ పొటెమ్‌కిన్' ఆయనకు ప్రపంచ ఖ్యాతి తెచ్చింది. 1905 నాటి నావికుల తిరుగుబాటు దాని కథ. అందులో నిద్రపోతున్న సింహం, తల ఎత్తిన సింహం, లేచిన సింహం అని మూడు రాతి శిల్పాలను వరుసగా చూపితే, రాతి సింహమే కోపంతో లేచినట్లు ఉంటుంది. ఒడెస్సా మెట్ల మీద సైనికులు జనాన్ని కాల్చే దృశ్యం మరీ ప్రసిద్ధం. ఆనాడు నగరంలో కాల్పులు జరిగిన మాట నిజమే కానీ, ఆ మెట్ల మీద సినిమాలో చూపినట్లు జరగలేదు. అయినా ఎంతోమంది దాన్ని చరిత్రగానే గుర్తు పెట్టుకున్నారు. కూర్పుకు అంత బలం ఉంది.

ఆ బలం పాలకులకూ తెలుసు. 1930లో హాలీవుడ్ వెళితే సినిమా కుదరలేదు. మెక్సికోలో మొదలుపెట్టిన చిత్రం మధ్యలో ఆగింది. స్వదేశంలో 'బెజిన్ మెడో'ను 1937లో ప్రభుత్వం ఆపేసింది. చివరికి ఆ చిత్రమే నాశనమైంది. ఆయన భార్య దాచిన కొన్ని ఫ్రేములే మిగిలాయి. 1938లో వచ్చిన 'అలెగ్జాండర్ నెవ్‌స్కీ'లో శత్రువులు జర్మన్ యోధులు. 1939లో జర్మనీతో ఒప్పందం కుదరగానే ఆ సినిమాను పక్కన పెట్టారు. 1941లో జర్మనీ దాడి చేయగానే మళ్ళీ ఆడించారు! 'ఇవాన్ ది టెరిబుల్' మొదటి భాగానికి స్టాలిన్ బహుమతి వచ్చింది. రెండో భాగంలో రాజు అనుమానాలు, క్రూరత్వం చూపించారు. 1946లో దాన్ని నిషేధించారు. 1948లో, 50 ఏళ్ళకే, గుండెపోటుతో ఆయన కన్నుమూశారు. ఆ రెండో భాగం 1958లో గానీ జనం ముందుకు రాలేదు.

ప్రభుత్వం కోసం సినిమాలు తీసిన ఆయన, ఆ ప్రభుత్వం చేతిలోనే దెబ్బలు తిన్నారు. అయినా మాస్కో సినిమా విద్యాలయంలో విద్యార్థులకు తన విద్యను దాచుకోకుండా నేర్పారు.

ఈ రోజు మన పిల్లల చేతుల్లోని ఫోన్లలో వీడియో ముక్కలు క్షణానికొకటి వస్తున్నాయి. పిల్లలూ, ఈసారి చూసేటప్పుడు ఒక్క మాట అడగండి: ఈ ముక్కలో నిజంగా ఉన్నదెంత? పక్క ముక్కతో కలిపినందువల్ల మనం ఊహించుకున్నదెంత? ఐసెన్‌స్టీన్ నుంచి మనం నేర్చుకోవలసిన మొదటి పాఠం ఇదే.