తల్లులను అడిగిన వైద్యురాలు

కంటికి కనిపించక, స్పర్శకు తెలియక దేహంలో ప్రవేశించే కిరణాల కీడును లోకానికి ఎరుకపరచిన వైద్యురాలు ఆలిస్ స్టీవర్ట్. ఆమె 1906 అక్టోబరు 4న ఇంగ్లండులోని షెఫీల్డు నగరంలో జన్మించింది. తల్లిదండ్రులిద్దరూ వైద్యులే. కేంబ్రిడ్జిలో విద్యాభ్యాసం చేసిన ఆలిస్, రెండవ ప్రపంచయుద్ధ కాలంలో ఆయుధ కర్మాగారాల కార్మికులకు పేలుడు పదార్థాల వల్ల కలిగే అనారోగ్యాన్ని పరిశోధించింది.

యుద్ధానంతరం బ్రిటనులో పసిపిల్లలకు రక్త క్యాన్సరు సోకడం ఎక్కువైంది. కారణం తెలియని ఆ స్థితిలో తల్లులనే అడిగి తెలుసుకోవాలని ఆలిస్ సంకల్పించింది. లేడీ టాటా స్మారక నిధి ఇచ్చిన వెయ్యి పౌండ్లతో పని ప్రారంభించింది. క్యాన్సరుతో మరణించిన పిల్లల తల్లులను, ఆరోగ్యవంతులైన పిల్లల తల్లులను ఒకే ప్రశ్నావళితో విచారింపజేసింది. గర్భవతిగా ఉన్నప్పుడు పొత్తికడుపుకు ఎక్స్‌రే తీయించుకొన్న తల్లుల సంతానానికి క్యాన్సరు ముప్పు దాదాపు రెట్టింపని 1956, 1958 సంవత్సరాలలో ప్రకటించింది. తల్లుల జ్ఞాపకాలను నమ్మలేమని పలువురు ఆక్షేపించారు. కాని 1962లో అమెరికాలో ఆసుపత్రి రికార్డుల ఆధారంగా వెలువడిన పరిశోధన ఆమె మాటను బలపరచింది. కాలక్రమాన గర్భిణులకు ఎక్స్‌రే తీసే అలవాటు సన్నగిల్లింది.

పదవీ విరమణ వయసు దాటిన తరువాత ఆమెకు మరొక పరీక్ష ఎదురైంది. అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రంలో, కొలంబియా నదీతీరాన, 1943లో హాన్‌ఫర్డ్ అణుకేంద్రం వెలసింది. నాగసాకిపై వేసిన బాంబుకు ప్లుటోనియం అక్కడిదే. ఆ కేంద్రపు కార్మికుల ఆరోగ్య వివరాలను పరిశీలించడానికి థామస్ మాంకుసో అనే శాస్త్రవేత్త ఆలిస్‌ను ఆహ్వానించాడు. అనుమతించిన పరిమితికి లోబడిన కిరణాలు సోకినవారిలో సైతం క్యాన్సరు మరణాలు పెరిగినట్లు వారు 1977లో ప్రకటించారు. లెక్కింపు పద్ధతిని కొందరు నిపుణులు విమర్శించారు. ప్రభుత్వం మాంకుసో పరిశోధనకు నిధులు నిలిపివేసింది. అయినా ఆలిస్ వెనుకంజ వేయలేదు.

కేంద్రం వెలుపలి పల్లెల కథ 1986లో బయటపడింది. ఆ యేడు ప్రభుత్వం వెల్లడించిన 19,000 పుటల పత్రాలవల్ల, 1949 డిసెంబరులో రేడియోధార్మిక అయోడిన్‌ను ఉద్దేశపూర్వకంగానే గాలిలోకి విడిచినట్లు తెలిసింది. అట్టి అయోడిన్ పచ్చికపై వాలుతుంది. పచ్చిక మేసిన ఆవుపాలలో చేరుతుంది. ఆ పాలు త్రాగిన బిడ్డల థైరాయిడ్ గ్రంథిలో నిలుస్తుంది. ఇదేమీ ఎరుగని తల్లులు తమ బిడ్డలకు ఆ పాలే పట్టారు. అదే సంవత్సరం ఆలిస్‌కు రైట్ లైవ్లీహుడ్ పురస్కారం లభించింది.

2002 జూన్ 23న, తొంభై అయిదేళ్ల వయసులో ఆమె కన్నుమూసింది. 2023లో ఫ్రాన్సు, బ్రిటను, అమెరికా దేశాలకు చెందిన మూడు లక్షలకు పైగా అణుకార్మికులపై వెలువడిన అధ్యయనం, స్వల్ప కిరణాలూ క్యాన్సరు ముప్పును పెంచుతాయని తెలిపింది. అధికారుల హామీలకన్న బాధితుల అనుభవాన్ని ముందుగా ఆలకించి, దానిని లెక్కలతో నిగ్గుతేల్చడమే ఆలిస్ స్టీవర్ట్ చూపిన మార్గం.