తుపానుకు పేరు పెట్టిన హెన్రీ పిడింగ్టన్

అక్టోబరు, నవంబరు నెలలు వచ్చాయంటే మన తీరగ్రామాల వారికి కంటిమీద కునుకు ఉండదు. బంగాళాఖాతములో వాయుగుండము పడిందట, రేవులో ఎన్నవ నంబరు ప్రమాద సూచిక ఎగురవేశారు, ఎక్కడ తీరము దాటుతుంది అని ఒకరినొకరు అడగని ఊరు లేదు. సైక్లోన్ అనే ఇంగ్లీషు మాట చదువురాని ముసలమ్మకు కూడా తెలుసు. అయితే ఆ మాటను పుట్టించినవారెవరు, ఆయన చేసిన హెచ్చరికకు లోకము ఏమి జవాబిచ్చింది అనే సంగతులు మనలో చాలామందికి తెలియవు. ఆ మాటను పుట్టించిన పెద్దమనిషి లండనులో కాదు, మన దేశములోనే, కలకత్తాలో కూర్చుని దానిని పుట్టించారు. దాని వెనుక మన కోరంగి రేవు కన్నీరు కూడా కొంత ఉన్నది. అందుచేత ఆయన జీవితమును సంఘ సభ్యుల ముందు క్లుప్తముగా ఉంచదలచాను.

ఓడ మీదనుండి ఒడ్డుకు

హెన్రీ పిడింగ్టన్ 1797లో ఇంగ్లాండులోని ససెక్స్ ప్రాంతములో జన్మించారు. యౌవనములోనే సముద్రయానము వృత్తిగా చేపట్టి, వర్తకపు ఓడలలో పనిచేసి, కెప్టెన్ అయ్యారు. ఇండియా, చైనా దేశాల నడుమ సరకులు తీసికొనిపోయే ఓడలు ఆయనకు బడి. ఆ రోజులలో ఆవిరి యంత్రాల ఓడలు అరుదు. తెరచాపయే దిక్కు. గాలి మంచిదైతే ప్రయాణము, గాలి పగబడితే మరణము.

తరువాత ఆయన సముద్రయానము మాని కలకత్తాలో స్థిరపడ్డారు. ఊరకే కూర్చునే స్వభావము ఆయనది కాదు. మన దేశపు మొక్కల పేర్లతో ఒక సూచికను 1832లో ప్రచురించారు. మట్టి, ఖనిజములు, వ్యవసాయము, ఇలా దేనిమీదనైనా ఆయనకు ఆసక్తియే. బెంగాలు ఏషియాటిక్ సొసైటీ పనిలో పాలుపొందారు. కలకత్తాలోని భూగర్భ సంపదల మ్యూజియమునకు క్యూరేటరుగా పనిచేశారు. ఓడ ప్రమాదాలపై విచారణ జరిపే సముద్ర న్యాయస్థానమునకు అధ్యక్షులుగా కూడా ఉన్నారు. మునిగిన ఓడల కథలు, బ్రతికి బయటపడినవారి సాక్ష్యములు ఆయన బల్లమీదికి అలా వచ్చి చేరేవి.

గాలి తిరుగుతుందా, నేరుగా వీస్తుందా

పెద్ద తుపాను నేరుగా వీచే గాలి కాదు, గుండ్రముగా తిరిగే గాలి అనే ఊహ పిడింగ్టన్‌కు ముందే కొందరికి కలిగింది. ఈస్టిండియా కంపెనీ అధికారి జేమ్స్ కాపర్ మన కోరమాండల్ తీరపు తుపానులను పరిశీలించి, అవి సుడిగాలులని 1801లోనే వ్రాశారు. అమెరికాలో విలియం రెడ్‌ఫీల్డ్ అనే ఆయన 1821 నాటి ఒక పెను తుపాను తరువాత నడిచి వెళ్తూ పడిపోయిన చెట్లను చూశారు. ఒక ప్రాంతములో చెట్లు ఒక దిక్కుకు పడి ఉంటే, కొంత దూరము పోయాక ఎదురు దిక్కుకు పడి ఉన్నాయి. గాలి తిరిగితే తప్ప అలా జరగదు. ఆ సంగతిని ఆయన 1831లో ప్రకటించారు. అదే 1831లో బార్బడోస్ దీవిని తుపాను నేలమట్టము చేయగా, దానిని తిరిగి కట్టుటకు వెళ్ళిన ఇంజనీరు విలియం రీడ్ ఈ విషయముపై 1838లో ఒక గ్రంథము వ్రాశారు. ఆ గ్రంథము కలకత్తాలో పిడింగ్టన్ చేతికి వచ్చింది. ఆనాటినుండి ఆయన శేష జీవితమంతా ఆ ఒక్క పనికే అంకితమైంది.

ఆయన చేసిన పని వినుటకు సులభము, చేయుటకు కష్టము. ప్రతి ఓడలోను లాగ్ పుస్తకము ఉంటుంది. ఏ గంటకు ఓడ ఎక్కడ ఉన్నది, గాలి ఏ దిక్కునుండి వీచింది, బారోమీటరు ఎంత పడింది అన్నీ అందులో వ్రాస్తారు. ఒక తుపాను వచ్చినప్పుడు బంగాళాఖాతములో ఉన్న ఓడలన్నిటి లాగ్ పుస్తకములను పిడింగ్టన్ తెప్పించుకొనేవారు. ఒక రోజు మధ్యాహ్నము ఏ ఓడకు ఏ గాలి తగిలిందో పటముమీద గుర్తు పెట్టేవారు. ఆ బాణపు గుర్తులన్నీ ఒక వలయముగా ఏర్పడేవి. ఆ వలయపు నడుమ తుపాను కేంద్రము. మరుసటి రోజుకు మరియొక వలయము. ఆ కేంద్రములను గీతతో కలిపితే తుపాను నడిచిన దారి బయటపడేది. ఒక్కొక్క ఓడవాడు చూసినది తన చుట్టూ ఉన్న చీకటిని మాత్రమే. అందరి మాటను ఒకచోట చేర్చినప్పుడే తుపాను రూపము కనబడింది. 1839లో మొదలుపెట్టి దాదాపు తన మరణము వరకు ఇట్టి పరిశోధన పత్రములను ఇరవైకి పైగా ఆయన ఏషియాటిక్ సొసైటీ పత్రికలో ప్రచురించారు.

కోరంగి దుఃఖము

అందులో ఒకటి మన కోరంగి తుపానును గూర్చినది. యానాము, కాకినాడల నడుమ గోదావరి ముఖద్వారమున కోరంగి ఒకప్పుడు గొప్ప రేవు. అక్కడ ఓడలు కట్టేవారు. ఆ తీరమునుండి ఓడలెక్కిపోయిన మన తెలుగువారిని బర్మాలో కోరంగీలు అని పిలిచేవారంటే ఆ రేవు పేరు ఎంత దూరము ప్రాకిందో గ్రహించవచ్చు. 1789 డిసెంబరులో మూడు మహా తరంగములు ఒకదాని వెంట ఒకటి వచ్చి ఆ ఊరిని ముంచివేశాయి. దాదాపు 20,000 మంది మరణించారని ఆనాటివారు వ్రాశారు. తిరిగి లేచి నిలుచున్న ఊరిని 1839 నవంబరులో మరియొక ఉప్పెన ఊడ్చివేసింది. ఓడలను సైతము భూమిమీదికి దూరముగా విసరివేసింది. ఆ తరువాత కోరంగి రేవుకు పూర్వ వైభవము రానేలేదు.

ఈ కథనములను చదివిన పిడింగ్టన్ ఒక సంగతిని గట్టిగా పట్టుకొన్నారు. మనుష్యులను చంపేది గాలికంటె ఎక్కువగా నీరే. తుపాను సముద్రపు నీటిని ముందుకు నెట్టుకొని వస్తుంది. లోతు తక్కువైన తీరములో, ఇరుకైన నదీముఖములలో ఆ నీటికి పోవుటకు చోటు లేక గోడవలె లేచి ఊరిమీద పడుతుంది. దానినే మన పెద్దలు ఉప్పెన అన్నారు.

మాట పుట్టినది

1845లో మారిషస్ దగ్గర చార్లెస్ హెడిల్ అనే ఓడ తుపానులో చిక్కుకొన్నది. గాలికి ఎదురు నిలువలేక గాలి వాలునే పరుగెత్తిన ఆ ఓడ, కొన్ని దినములపాటు గానుగెద్దువలె గుండ్రముగా తిరిగి తిరిగి, చివరకు బయలుదేరిన చోటికి ఎంతో దూరము కాని చోట తేలింది. దాని లాగ్ పుస్తకమును పరిశీలించిన పిడింగ్టన్, గాలి కేవలము వలయముగా తిరుగుట మాత్రమే కాదు, చుట్టలు చుట్టలుగా లోపలికి కూడా లాగుతుందని వివరించారు.

ఇట్టి గాలికి హరికేన్, టైఫూన్, గేల్ అని దేశమునకొక పేరు ఉండేది. అన్నిటికి కలిపి ఒక పేరు కావలెనని ఆలోచించి, చుట్ట చుట్టుకొన్న పామును సూచించే గ్రీకు మాటనుండి సైక్లోన్ అనే పేరును ఆయన కల్పించారు. 1848లో వెలువడిన తన నావికుల హార్న్‌బుక్‌లో ఆ మాటను లోకమునకు అందించారు. హార్న్‌బుక్ అంటే ఆనాటి ఇంగ్లీషు పిల్లలు అక్షరములు దిద్దుకొనే పలక. మన భాషలో చెప్పాలంటే అది నావికుల పెద్దబాలశిక్ష. ఆ పుస్తకముతో పాటు పారదర్శకమైన కొమ్ము పలకలు రెండు ఇచ్చేవారు. ఒకటి భూమధ్యరేఖకు ఉత్తరాన తిరిగే ఓడలకు, రెండవది దక్షిణాన తిరిగే ఓడలకు. పలకను సముద్రపటముమీద పెట్టి తన ఓడకు తగిలే గాలి దిక్కుకు సరిపెట్టుకొంటే, తుపాను కేంద్రము ఎటు ఉన్నదో, ఎటు తప్పించుకొనవలెనో సామాన్య నావికునికి కూడా తెలిసేది. మన బంగాళాఖాతములో గాలికి ముఖము పెట్టి నిలుచుంటే కేంద్రము కుడివైపున ఉంటుంది. ఈ ఒక్క సూత్రము ఎన్ని ఓడలను కాపాడి ఉంటుందో లెక్కకట్టలేము.

వినని హెచ్చరిక

ఆయన జీవితములో మిక్కిలి ముఖ్యమైన ఘట్టము 1853లో జరిగింది. హుగ్లీ నది పూడిపోతున్నదని, సుందర వనములలోని మాత్లా నది ఒడ్డున క్రొత్త రేవు కట్టాలని కలకత్తా వర్తకులు, అధికారులు తలపెట్టారు. అది విన్న పిడింగ్టన్ గవర్నర్ జనరల్ డల్హౌసీ ప్రభువుకు బహిరంగముగా లేఖ వ్రాశారు. ఆ చోట రేవు కట్టిన యెడల ఒకనాడు తుపాను ఉప్పెన వచ్చి సమస్తమును ముంచివేస్తుందని అందులో హెచ్చరించారు. ఆయన జోస్యము చెప్పలేదు. పద్నాలుగేండ్లుగా ఓడల లాగ్ పుస్తకములు చదివి, కోరంగి వంటి ఊళ్ళ గతిని చూసి చెప్పారు. కాని రేవు కట్టాలనే ఉత్సాహములో ఉన్నవారికి ఆ మాట రుచించలేదు.

1858లో పిడింగ్టన్ కలకత్తాలోనే కన్నుమూశారు. రేవు పని సాగింది. రైలు మార్గము వచ్చింది. కానింగ్ ప్రభువు పేరు పెట్టారు. 1864 అక్టోబరు 5న కలకత్తాను తాకిన తుపాను, ఉప్పెనలలో 50,000కు పైగా జనము నశించారు. ఇంకొక నెల కూడా నిండకముందే నవంబరు 1న మన మచిలీపట్నముపై ఉప్పెన పడి దాదాపు 30,000 మందిని పొట్టన పెట్టుకొన్నది. సరిగ్గా మూడేండ్లకు, 1867 నవంబరు 1న, పోర్ట్ కానింగ్ వంతు వచ్చింది. కోరంగి ఉప్పెనంత ఎత్తు కూడా లేని కెరటము, సుమారు ఆరడుగులు, ఆ రేవును పాడుచేసి వెళ్ళింది. అప్పటికే వ్యాపారము కూడా సరిగా సాగక ఉన్నందున, కొద్ది సంవత్సరములలో ఆ రేవును విడిచిపెట్టారు. పిడింగ్టన్ మాట నిజమని ఒప్పుకొనేసరికి ఆయన సమాధిలో ఉన్నారు.

ఈ విపత్తుల వల్ల ప్రభుత్వమునకు కనువిప్పు కలిగింది. రేవులకు తుపాను హెచ్చరికలు పంపే ఏర్పాటు మొదలైంది. 1875లో భారత వాతావరణ శాఖ ఏర్పడింది.

నేటి సంగతి

పిడింగ్టన్ తుపాను ఎట్లు తిరుగునో చెప్పారు. అది ఎందుకు పుడుతుందో తరువాతివారు చెప్పారు. సముద్రపు పై నీరు సుమారు 26 లేక 27 డిగ్రీల సెంటిగ్రేడుకు మించి వేడెక్కినప్పుడు ఆవిరి విపరీతముగా పైకి లేస్తుంది. అది మేఘముగా మారునప్పుడు విడుదలయ్యే వేడియే తుపానుకు ఆహారము. భూభ్రమణము ఆ గాలిని త్రిప్పుతుంది. నీరు వెచ్చగా ఉన్నా నైరుతి ఋతుపవనము బలముగా ఉన్న జూలై, ఆగస్టు నెలలలో క్రింది గాలి ఒక దిక్కు, పై గాలి ఒక దిక్కు అగుటచేత తుపాను నిలద్రొక్కుకొనలేదు. అందుకే మనకు వైశాఖపు ఎండలలోను, అక్టోబరు మొదలు డిసెంబరు వరకును ఆ భయము.

మనుష్యులు కాల్చే బొగ్గు, నూనెల వల్ల భూమికి ఎక్కిన అదనపు వేడిలో నూటికి తొంభై పాళ్ళు సముద్రములే మ్రింగుచున్నవి. దీనివల్ల తుపానుల సంఖ్య పెరుగుతుందని శాస్త్రజ్ఞులు చెప్పుట లేదు. వచ్చిన తుపానులలో భయంకరమైనవాటి పాలు పెరుగుతుందని, అవి కురిపించే వర్షము పెరుగుతుందని చెప్పుచున్నారు. గాలి ఒక డిగ్రీ వేడెక్కితే సుమారు ఏడు శాతము ఎక్కువ ఆవిరిని పట్టుకొంటుంది. 1901 మొదలు 2018 వరకు లోకమంతట సముద్రమట్టము సగటున 20 సెంటీమీటర్లు పెరిగింది. వచ్చే ఉప్పెన ఆ మెట్టు ఎక్కి నిలుచుండి మనమీదికి వస్తుందన్నమాట.

1977 నవంబరు 19న దివిసీమలో ఏమి జరిగిందో మన పెద్దలు ఇంకను కన్నీటితో చెప్పుచుందురు. పదివేల మంది ఒక్క రాత్రిలో పోయారు. 2013 అక్టోబరులో ఫైలిన్ అనే మహా తుపాను ఒడిషాలోని గోపాలపురము వద్ద తీరము దాటినప్పుడు, ముందుగానే దాదాపు పది లక్షల మందిని తరలించినందున మృతులు పదుల సంఖ్యలోనే ఉన్నారు. రెండిటికి మధ్య భేదము గాలిలో లేదు. ముందుగా చెప్పగలుగుటలోను, చెప్పిన మాట వినుటలోను ఉన్నది.

కనుక చదువరులారా, ఈసారి ప్రమాద సూచిక ఎగిరినప్పుడు గొడ్డూ గోదా విడిచి ఎలా రాగలమని తటపటాయించే పొరుగువానికి పోర్ట్ కానింగ్ కథ చెప్పండి. కోరంగి దగ్గర నేటికి నిలిచియున్న మడ అడవులను నరకనియ్యకండి. అవి ఉప్పెన వేగమును తగ్గించే గోడలు. మన దేవాలయముల, పాఠశాలల తలుపులు ఆ రాత్రి తాళము వేసి ఉండకుండ చూడండి. నీటిని గూర్చి 1853లో ఒక వృద్ధ నావికుడు వ్రాసిన లేఖకు తీరవాసులమైన మనము ఇవ్వదగిన ఆలస్యపు జవాబు అదే.