గ్రేస్ హాపర్

గోదావరి తూర్పు డెల్టాలోని రామచంద్రపురము ప్రాంతమున ఏ రైతును తన పొలమునకు వేఱుగా ఆనకట్ట కట్టుకొనడు. 1852లో ధవళేశ్వరమున వెలసిన ఆనకట్టయు, పిమ్మట దాని స్థానమున కట్టిన బ్యారేజియు అందఱికిని ఉమ్మడి సొత్తు. తలవద్ద నీరు సరిగా వదలినచో వేల యెకరములు పండును; అచ్చట లోపము కలిగినచో అందఱి పొలములును ఎండును. కంప్యూటరులోను ఇట్టి ఉమ్మడి సొత్తు కలదు. పలు ప్రోగ్రాములకు పనికివచ్చు ఆదేశములను ఒకచోట చేర్చియుంచిన ఫైళ్లను లైబ్రరీలు అందురు. ఈ యేర్పాటునకు తొలినాళ్లలో పునాది వేసిన మేధావులలో గ్రేస్ హాపర్ ముఖ్యురాలు.

గ్రేస్ 1906 డిసెంబరు 9వ తేదీన అమెరికాలోని న్యూయార్కు నగరమున జన్మించెను. ఏడేండ్ల ప్రాయమున ఆమెకు గడియారము ఎట్లు నడచునో తెలిసికొనవలెనని కుతూహలము కలిగెను. ఇంటిలోని అలారము గడియారము నొకదానిని విప్పెను. మరల కూర్చుట తెలియక, చూచి నేర్చుకొనుటకై మఱియొకటి విప్పెను. ఇట్లు ఏడు గడియారములు విడిపోయిన పిమ్మట తల్లికి సంగతి తెలిసెను. ఆ తల్లి ఇకపై ఒక్క గడియారముతోనే పరీక్షలు చేసికొనవలెనని కట్టడి చేసెను.

పదునాఱవ యేట వాసర్ కళాశాలలో చేరబోగా, లాటిన్ పరీక్షలో మార్కులు చాలక ప్రవేశము దొరకలేదు. ఆమె అధైర్యపడక మఱుసటి యేడు చేరి, 1928లో గణితభౌతిక శాస్త్రములలో పట్టము పొందెను. వివాహానంతరము హాపర్ అను ఇంటిపేరు ఆమెకు వచ్చెను. వాసర్ కళాశాలలోనే గణితము బోధించుచు, 1934లో యేల్ విశ్వవిద్యాలయమునుండి డాక్టరు పట్టము గడించెను.

రెండవ ప్రపంచయుద్ధము వచ్చెను. హాపర్ నౌకాదళమున చేర సంకల్పించెను. వయస్సు హెచ్చనియు, దేహము బరువు తక్కువయనియు అధికారులు ఆక్షేపించిరి. ఆమె పట్టువిడువక ప్రత్యేకానుమతి సంపాదించి 1943లో చేరెను. మఱుసటి యేడు హార్వర్డు విశ్వవిద్యాలయమునకు పంపబడెను. అచ్చట హోవార్డ్ ఐకెన్ ఆధ్వర్యమున మార్క్ 1 అను గణనయంత్రము పనిచేయుచుండెను. దాని పొడవు 51 అడుగులు. రంధ్రములు పొడిచిన కాగితపు పట్టీల ద్వారా దానికి ఆదేశము లీయవలెను. అప్పటికి కంప్యూటరు ప్రోగ్రాములు వ్రాయనేర్చినవారు లోకమున బహుకొద్దిమంది.

1947 సెప్టెంబరు 9వ తేదీన మార్క్ 2 యంత్రము సరిగా పనిచేయలేదు. సహోద్యోగులు వెదకగా, ఒక రిలేలో చిక్కుకొని చచ్చిన పురుగు కనబడెను. దానిని తీసి దినచర్య పుస్తకములో అంటించిరి. యంత్రదోషమును పురుగు అనుట ఇంజనీర్లలో అంతకు ముందే ఉన్న వాడుక. హాపర్ ఈ కథను తఱచు చెప్పుచుండుటచే అది ఆమె పేరుతో ముడివడెను.

అసలు పురుగులు మాత్రము యంత్రములో కంటె మనుష్యుల చేతులలోనే ఎక్కువగా పుట్టుచుండెను. వర్గమూలము వంటి తఱచు కావలసిన లెక్కలకు వ్రాసిన ఆదేశములను ప్రోగ్రామర్లు నోటుపుస్తకములలో దాచుకొని, ఒకరివద్దనుండి ఒకరు ఎత్తి వ్రాసికొనుచుండిరి. ఎత్తివ్రాతలో నాలుగు అంకె త్రికోణపు గుర్తుగను, ఆంగ్లాక్షరము బి పదమూడుగను మాఱుచుండెను. అదిగాక ప్రతి తునుకయు సున్న స్థానమునుండి మొదలగునట్లు వ్రాయబడియుండెను. దానిని క్రొత్త ప్రోగ్రాము నడుమ చేర్చునపుడు, అందలి స్థానసంఖ్య లన్నిటికిని కూడిక చేయవలెను. ఒక్క కూడిక తప్పినను పనియంతయు చెడును.

1949లో హాపర్ యూనివాక్ యంత్రమును నిర్మించుచున్న సంస్థలో చేరెను. ఎత్తి వ్రాయుటయు, కూడుటయు యంత్రము తప్పులేక చేయగల పనులే గదా! ఇట్లు యోచించి ఆమె, సరిచూచిన తునుకలనన్నిటిని అయస్కాంతపు టేపుపై చేర్చి, ఒక్కొక్కదానికి ఒక సంఖ్య ఇచ్చెను. ప్రోగ్రామరు ఆ సంఖ్యను వ్రాసిన చాలును. యంత్రమే తునుకను వెదకి తెచ్చి, స్థానసంఖ్యలు సవరించి, వరుసలో పొందుపఱచును. 1952లో సిద్ధమైన ఈ సాధనమునకు ఏ-0 అని పేరు. యంత్రము లెక్కలు చేయునే గాని ప్రోగ్రాములు కూర్చజాలదని పలువురు నమ్మనైరి. ఇంగ్లండులోని కేంబ్రిడ్జియందు మారిస్ విల్క్స్, డేవిడ్ వీలర్, స్టాన్లీ గిల్ అనువారును ఆ కాలముననే ఇట్టి లైబ్రరీని కూర్చిరి.

హాపర్ పద్ధతిలో ప్రతి ప్రోగ్రామును తునుక యొక్క ప్రతిని తనలో నింపుకొనెడిది. 1960ల దశకమున మల్టిక్స్ వంటి వ్యవస్థలలో, ఒకే ప్రతిని పలు ప్రోగ్రాములు పనివేళ పిలుచుకొను పద్ధతి వచ్చెను. విండోస్‌లోని డీఎల్ఎల్ ఫైళ్లు ఇట్టివే. దీనివలన చోటు కలిసివచ్చును. ఒకచోట దిద్దిన దోషము అన్నిటికిని తీఱును. కాని ఆ ఒక్క ఫైలు చెడినను, దానిపై పాతది వచ్చి చేరినను, పెక్కు ప్రోగ్రాములు ఒక్కసారిగా నిలిచిపోవును.

బాగుచేయువాడు మొదట ఆలోచింపవలెను. ఒక్క పొలమే ఎండినచో బోదె చూడవలెను. ఊరంతయు ఎండినచో కాలువతల చూడవలెను. అట్లే ఒక్క ప్రోగ్రామే చెడినచో దానినే మరల స్థాపింపవలెను. పలు ప్రోగ్రాములు చెడినచో ఉమ్మడి ఫైలును పరీక్షింపవలెను. అది ఊరుపేరు లేని చోటునుండి తెచ్చుకొనదగదు. వ్యవస్థ దాచియుంచిన మేలిప్రతితో పోల్చి, అదే కూర్పునకు చెందిన దానిని ఉంచవలెను.

పేరు ఒకటియై లోపలి సరకు వేఱగుటలోని కీడును హాపర్ చక్కగ నెఱుగును. ఆమె కృషి ఆధారముగ 1959లో మొదలైన కోబాల్ భాష, ఒక్కొక్క యంత్రముపై ఒక్కొక్క రీతిగ మాఱజొచ్చెను. 1966లో విశ్రాంతి తీసికొనిన ఆమెను నౌకాదళము మఱుసటి యేడే తిరిగి పిలిచెను. ఆమె ఆ భేదములను పరీక్షించి ఒక ప్రమాణమునకు తెచ్చు కార్యమును నడపెను. పాత అలవాటే సరియని వాదించువారికి కనువిప్పుగ, తన గదిలో వెనుకకు తిరుగు గడియారము నొకదానిని వ్రేలాడదీసెను.

1986లో, డెబ్బదితొమ్మిదవ యేట, రియర్ అడ్మిరల్ హోదాలో ఆమె నౌకాదళమునుండి విరమించెను. 1992 జనవరి 1వ తేదీన పరమపదించెను. ఒక యుద్ధనౌకకు ఆమె పేరు పెట్టబడినది. 2016లో అమెరికా ప్రభుత్వము ఆమెకు మరణానంతరముగ స్వాతంత్ర్య పతకము నొసగెను.

ఒకరు కష్టించి సరిదిద్దిన పనిని పదిమందికి అందునట్లు దాచుట ఆమె చూపిన మార్గము. ఉమ్మడి సొత్తును వాడుకొను ప్రతివాడును దాని మంచిచెడులకు బాధ్యుడే. ఈ సత్యము కాలువకును చెల్లును, కంప్యూటరునకును చెల్లును.