సహారా బాటసారి

ఆఫ్రికాఖండపు ఉత్తరభాగమును దాదాపుగా ఆవరించియున్న సహారా ఎడారిని పటములో చూచినచో అది మనుష్యసంచారము లేని వట్టి ఇసుకమేట వలె తోచును. వాస్తవమున నట్లు కాదు. రైళ్లును మోటారులును పుట్టకముందు వందలకొలది సంవత్సరములు ఆ ఎడారి మీదుగా బిడారులు నడచుచునే యుండెను. మధ్యధరాసముద్రతీరము నుండి గుడ్డలు, కాగితము, అద్దములు, కత్తులు దక్షిణమునకు పోయెడివి. దక్షిణము నుండి బంగారము, ఏనుగుదంతము, తోళ్లు, నిప్పుకోడి యీకలు ఉత్తరమునకు వచ్చెడివి. ఎడారి నడుమ దొరకు ఉప్పు దక్షిణదేశములలో మిక్కిలి ప్రియముగా అమ్ముడుపోయెడిది. ఆ బిడారులలో బానిసలైన మనుష్యులు సయితము సరకులవలె తరలింపబడెడివారు. ఈ వర్తకమార్గములలో ననేకము తువారెగులను జాతివారి చేతిలో నుండెను. వారితో కలసి నడచి, వారి దేశమును, భాషను, ఆచారములను శ్రద్ధతో పరిశీలించి లోకమునకు తెలియజేసిన వారిలో హైన్రిఖ్ బార్తు ముఖ్యుడు.

బార్తు 1821వ సంవత్సరము ఫిబ్రవరి 16వ తేదీన జర్మనీలోని హాంబర్గు నగరమున జన్మించెను. అతని తండ్రి స్వశక్తిచే పైకి వచ్చిన వర్తకుడు. బాల్యమున బార్తు బలహీనుడు. తోడి పిల్లలతో అంతగా కలసెడివాడు కాడు. ఆ బలహీనతను పోగొట్టుకొనవలెనని చలికాలమున సయితము చన్నీటిస్నానము చేయుచు, వ్యాయామము నభ్యసించుచు శరీరమును గట్టిపఱచుకొనెను. భాషలనిన అతనికి చెప్పరాని మక్కువ. పాఠశాలలో నుండగనే అరబ్బీభాషను తనంతట తాను నేర్చుకొన మొదలిడెను. బెర్లిను విశ్వవిద్యాలయమున చదివి, 1844లో ప్రాచీన గ్రీకునగరమగు కొరింతు వర్తకమును గూర్చి వ్యాసము వ్రాసి డాక్టరు పట్టమును పొందెను. సరకులు ఏ త్రోవను పోవును, ఎవరి చేతులు మాఱును, దాని వలన జనుల బ్రతుకు ఎట్లు మాఱును అను విచారణ అతనికి ఆనాడే అలవడెను.

తరువాత మూడేండ్లు బార్తు మధ్యధరాసముద్రము చుట్టును పర్యటించెను. ఈజిప్టు సరిహద్దున దొంగలు అతనిని గాయపఱచి సామగ్రిని దోచుకొనిరి. అంతకుముందు ట్యునీసియా దేశమున కెఫ్ అను ఊరిలో హౌసాదేశపు బానిస యొకడు అతనితో మాటలాడుచు, దైవమనుగ్రహించినచో నీవును కానో నగరమును చూడగలవని ఆశీర్వదించెను. దూరదేశమున బానిసయై తన ఊరిని తలచుకొనుచున్న ఆ మనుష్యుని మాట బార్తు మనస్సున నాటుకొని పోయెను.

1849లో ఆంగ్లప్రభుత్వము జేమ్స్ రిచర్డ్‌సన్ అను నతని నాయకత్వమున సహారా దక్షిణదేశములకు ఒక యాత్రాబృందమును పంప నిశ్చయించెను. బానిసవ్యాపారమును మాన్పి, దానికి మాఱుగా ధర్మబద్ధమైన వర్తకమును నెలకొల్పవలెనని రిచర్డ్‌సన్ ఆశయము. బార్తును, ఓవర్వెగ్ అను మఱియొక జర్మను యువకుడును అందు చేరిరి. 1850 మార్చిలో ట్రిపోలి నగరము నుండి ప్రయాణము సాగెను. చాదు సరస్సుపై తిరుగుటకై వారు ఒక పడవను ముక్కలు చేసి ఒంటెల మీద వేసికొని పోయిరి. నీటిచుక్క దొరకని ఇసుకలో పడవ సాగిపోవుట చూచి త్రోవలోని జనులు ఎంత వింతపడియుందురో!

ముర్జుకు పట్టణము దాటిన పిమ్మట తువారెగులు వారికి త్రోవ చూపువారైరి. ఈ జాతిలో మగవారు ముఖమునకు ముసుగు వేసికొందురు. ఆడువారికి అట్టి ముసుగు లేదు. నీలిమందులో అద్దిన నల్లని గుడ్డను తలకును ముఖమునకును చుట్టి కన్నులు మాత్రము కనబడునట్లు చేసికొనుట యౌవనము వచ్చిన ప్రతి పురుషునికి మర్యాద. ఇసుకగాలి నుండి కాపుదల యగుటయు దీని వలని మేలే. గుడారము స్త్రీ సొత్తు. వీరికి తిఫినాగ్ అను ప్రాచీనమైన లిపి కలదు.

ఘాత్ పట్టణమునకు చేరువలో ఇదినెన్ అను పర్వత మొకటి కలదు. దానిపై భూతములు నివసించునని అక్కడివారి నమ్మకము. అందుచే త్రోవ చూపుటకు ఎవరును ఒప్పుకొనలేదు. జూలై మాసమున నొకనాడు తెల్లవాఱుజామున బార్తు కొలదిగా ఖర్జూరములును రొట్టెముక్కలును చిన్నతిత్తితో నీరును తీసికొని ఒంటరిగా బయలుదేఱెను. చేరువ ననుకొన్న కొండ నడచినకొలది దూరమయ్యెను. శిఖరము చేరునప్పటికి అతడు పూర్తిగా అలసిపోయెను. ఉన్న నీరు అయిపోయెను. గొంతు ఎండుటచే ఖర్జూరములు మ్రింగుడుపడలేదు. దిగివచ్చుచు త్రోవ తప్పి, ఆకులు లేని చెట్టు క్రింద కూలబడెను. తుపాకి ప్రేల్చెను, బదులు రాలేదు. ఆ రాత్రి లోయలో దూరమున మంట కనబడగా మరల ప్రేల్చెను, ఎవరును వినలేదు. మఱునాడు ఎండ మండిపోవుచుండగా ఆ చెట్టు బోదె వేయు సన్నని నీడ ఎటు జరిగిన అటు జరుగుచు ప్రాణము నిలుపుకొనెను. దాహము భరింపలేక తన చేతిని గాయపఱచుకొని ఆ రక్తమును పీల్చెను. తుదకు స్మృతి తప్పెను.

ప్రొద్దు గ్రుంకిన పిమ్మట ఒంటె అఱచిన శబ్దము అతని చెవిని పడెను. ఇసుకలో అడుగుజాడలు గుర్తించి వెదకుచు తువారెగు పురుషు డొకడు ఆ వైపునకు వచ్చుచుండెను. వారి భాషలో నీటికి అమన్ అని పేరు. ఎండిన నోటితో బార్తు ఆ మాట నొక్కదానినే పలికెను. ఆ వచ్చినవాడు ముందుగా అతని తలపై నీరు చిలికి, పిదప కొంచెము కొంచెముగా త్రాగించి, తన ఒంటెపై కూర్చుండబెట్టి విడిదికి చేర్చెను. మూడుదినముల వఱకు బార్తుకు మాట సరిగా రాలేదు.

తువారెగులందఱును ఇట్టి రక్షకులు కారు. కొంతదూరము పోయినంతనే అయిర్ పర్వతప్రాంతపు సరిహద్దున దోపిడికాండ్రు యాత్రికులను చుట్టుముట్టి, మతము మార్చుకొనుడు లేదా చావుడని బెదరించిరి. విలువైన సరకులు సమర్పించుకొన్న పిమ్మట గాని వారు వదలలేదు. ఎడారిలో రక్షకుడు లేనివాడు ఎవరికైనను వేటయే. ఒక నాయకుని అండ గలవానిపై చేయి వేయుటకు ఇతరులు వెనుదీయుదురు. కనుక బిడారులు తాము దాటిపోవు నేలకు ఏలికయైన నాయకునికి సుంకము చెల్లించి, మనుష్యులను తోడు తీసికొని పోయెడివి. ఇది దోపిడి వలె కొందఱికి తోచవచ్చును. కాని బావులెక్కడ నున్నవో, ఏ బావి ఎండిపోయినదో, ఏ తెగవారు ఎవరిపై పగబూనియున్నారో తెలిసినవాడు లేక ఆ ఇసుకలో ఎవడును పదిదినములు బ్రతుకలేడు. ఆ తెలివికే ఆ వెల.

కెల్ ఓవి తెగకు పెద్దయైన అన్నూరు డెబ్బదియేండ్లు దాటిన వృద్ధుడు. అతడు యాత్రికుల వద్ద సొమ్ము గట్టిగా పుచ్చుకొనెను. అతిథులకు భోజనము పెట్టుటలో పిసినారి. అయినను ఇచ్చిన మాట తప్పలేదు. అతని అండ వలననే బార్తు 1850 అక్టోబరులో అగాదెజ్ నగరమును చూడగలిగెను. అక్కడ మట్టితో కట్టిన ఎత్తయిన మసీదు గోపురమొకటి కలదు. దూలముల కొనలు దాని గోడల నుండి ముండ్ల వలె బయటకు పొడుచుకొని యుండును. ఒకనాడు ఏబదివేల జనము గల నగరమున ఆనాటికి ఏడువేలమంది మాత్రమే యుందురని బార్తు లెక్కించెను. అక్కడి జనుల భాష ఎంతో దూరమున నున్న టింబక్టూ నగరపు భాషకు దగ్గఱదని కనిపెట్టి అతడు ఆశ్చర్యపడెను. పూర్వము ఆ రెండుచోట్లను ఏలిన సాంఘై రాజ్యపు జాడ ఆ మాటలలో మిగిలియుండెను.

ఆ కాలమున అన్నూరు మనుష్యులు అనేకులు ఉప్పు తెచ్చుటకై బిల్మాకు పోయియుండిరి. బిల్మాలో ఉప్పునేలయు ఖర్జూరపుచెట్లును కలవు గాని పైరు పండదు. నడుమ తెనెరె అను ఎడారిభాగమున గడ్డిపరక లేదు. కనుక ఒంటెలకు వలయు మేతను సయితము ఒంటెల మీదనే మోసికొని పోవలెను. పగలు ప్రొద్దును, రాత్రి చుక్కలను చూచి త్రోవకాడు ముందు నడచును. సజ్జలును గుడ్డలును ఇచ్చి, దిమ్మలుగా పోసిన ఉప్పును తీసికొని బిడారు మరలివచ్చును. పిమ్మట ఆ ఉప్పును దక్షిణమున హౌసాదేశమునకు తోలుకొనిపోయి అమ్మి, సంవత్సరమునకు సరిపడు సజ్జలును, కానో నేతగుడ్డలును కొందురు. కోతలైన పొలములలో ఒంటెలు మేయును. వాని పెంట రైతునకు ఎరువగును. ఇట్లు పంట లేని ఎడారివాడును ఉప్పు లేని పల్లెవాడును ఒకరి నొకరు పోషించుకొనుచుండిరి. బార్తు డిసెంబరు వఱకు వేచియుండి ఆ ఉప్పుబిడారుతో కలసి దక్షిణమునకు నడచెను.

1851లో అతడు కానో నగరము ప్రవేశించెను. కెఫ్ బానిస పలికిన దీవెన ఫలించెను. ఆ నగరమున నీలిమందు అద్దకము గొప్పపరిశ్రమ. తువారెగుల ముసుగుగుడ్డలు అక్కడివే. అంగడులలో గవ్వలు నాణెములుగా చెల్లుచుండెను. మన హిందూమహాసముద్రమునందలి మాల్దీవుల గవ్వలు అంతదూరము చేరి చెలామణి యగుట తలచుకొనినచో వర్తకపు చేతులు ఎంత పొడవైనవో తెలియగలదు.

ఆ సంవత్సరము మార్చిలో రిచర్డ్‌సన్ జ్వరముచే మరణించెను. 1852 సెప్టెంబరులో ఓవర్వెగ్ చాదు సరస్సు ఒడ్డున కన్నుమూసెను. అతనికి ముప్పదియేండ్లు మాత్రమే. అప్పటికి బార్తు బెన్యూ నదిని, చాదు సరస్సు చుట్టుపట్ల రాజ్యములను చూచియుండెను. తోడెవరును లేకున్నను అతడు వెనుకకు మరలక పడమటగా టింబక్టూకు పయనమయ్యెను. త్రోవలో గ్వాందు అను నగరమున సాంఘై రాజ్యచరిత్రను తెలుపు అరబ్బీగ్రంథ మొకటి దొరకగా దినములతరబడి కూర్చుండి దానినుండి భాగములు వ్రాసికొనెను. ఆఫ్రికాకు చరిత్ర లేదని ఐరోపావారు తలచుచుండిన కాలమది. ఆ గ్రంథకర్త పేరును గూర్చి బార్తు పొరబడెను. అది అస్సాదీ రచనయని తరువాతి పండితులు తేల్చిరి.

1853 సెప్టెంబరు 7వ తేదీన అతడు టింబక్టూ చేరెను. అంతకు ఇరువదియేడేండ్ల పూర్వము ఆ నగరమును చూచి మరలుచున్న లెయింగ్ అను స్కాట్లండు దేశీయుడు హత్య చేయబడెను. బార్తు క్రైస్తవుడన్న వార్త త్వరలోనే పొక్కెను. ఆ ప్రాంతముపై అధికారము చెలాయించుచున్న మసీనా ప్రభువు అతనిని పట్టి యిమ్మని ఆజ్ఞ పంపెను. నగరమున పలుకుబడిగల పండితుడు షేక్ అహ్మద్ అల్ బక్కాయి అందులకు ఒప్పుకొనలేదు. ఇతని తండ్రియే పూర్వము గాయపడిన లెయింగునకు ఆశ్రయమిచ్చి కాపాడెను. అతిథిని అప్పగించుట వారి వంశమునకు తలవంపు. మసీనా వారి పెత్తనమును షేకు సహింపకుండుటయు ఇందులకు తోడయ్యెను. ప్రమాదము ముంచుకొని వచ్చినపుడెల్ల అతడు బార్తును ఊరి వెలుపల తువారెగుల తోలుగుడారముల నడుమకు తరలించుచుండెను. అవాబు మొదలగు తువారెగు నాయకులు ఆయుధములు ధరించి షేకు పక్షమున నిలిచిరి. జ్వరముతో బాధపడుచు, రేపు బ్రతికియుందునో లేదో యెఱుగకయు, బార్తు వారి మాటలను, తెగల పేర్లను, తావుదెన్నీ గనుల నుండి ఒంటెల మీద వచ్చు ఉప్పుపలకల వెలలను నాడునాడు వ్రాసికొనుచునే యుండెను. ఇట్లు ఎనిమిది మాసములు గడచెను. 1854లో షేకు స్వయముగా అతనితో నైజరునది వెంట గావో వఱకు నడచి వీడుకొలిపెను.

ఐరోపాలో బార్తు మరణించెనను వదంతి వ్యాపించెను. అతడు మాత్రము మరల సహారాను దాటి, ఈ పర్యాయము బిల్మా మీదుగా వచ్చి, 1855 ఆగస్టులో ట్రిపోలి చేరెను. అయిదేండ్లకు పైగా, పదివేలమైళ్లకు మించి అతడు సంచరించెను. 1857, 1858 సంవత్సరములలో ఆ యాత్రాచరిత్ర అయిదు సంపుటములుగా వెలువడెను. సింహములతో పోరాటములు కోరు పాఠకులకు బావుల లోతులును, వంశావళులును, సంతలోని ధరలును రుచింపలేదు. గ్రంథము అంతగా అమ్ముడుపోలేదు. పండితులు మాత్రము నేటికిని దానిని తెఱచి చూచుచున్నారు.

బార్తు బెర్లినులో ఆచార్యుడయ్యెను గాని ఆరోగ్యము చెడియుండెను. 1865 నవంబరు 25వ తేదీన నలువదినాలుగవయేట మరణించెను. ఆఫ్రికాభాషలను గూర్చి అతడు కూర్చుచుండిన పదసంగ్రహము అసంపూర్ణముగా నిలిచిపోయెను. తువారెగుల మాటలు మాత్రము అప్పటికే యాత్రాగ్రంథపు అయిదవ సంపుటము చివర అచ్చుపడియుండెను.