నాట్యదంపతులు: ఉదయశంకర్, అమల

చిత్రలేఖనం నేర్చుకోవడానికి సముద్రాలు దాటి వెళ్ళిన యువకుడొకరు నర్తకుడై స్వదేశానికి తిరిగివచ్చారు. వస్తుప్రదర్శన కోసం పారిస్ వెళ్ళిన తండ్రి వెంట నడచిన బాలిక ఒకతె ఆ నర్తకుని బృందంలో చేరి రంగస్థలమెక్కింది. పరువుగల కుటుంబాలు నాట్యాన్ని చిన్నచూపు చూసే రోజులవి. అటువంటి కాలంలో భారతీయ నాట్యానికి దేశవిదేశాలలో గౌరవస్థానం సంపాదించిపెట్టిన దంపతులు ఉదయశంకర్, అమలాశంకర్.

ఉదయశంకర్ 1900వ సంవత్సరం డిసెంబరు 8న రాజస్థాన్‌లోని ఉదయపూర్‌లో ఒక బెంగాలీ కుటుంబంలో జన్మించారు. తండ్రి శ్యామశంకర్ చౌధురి సంస్కృత పండితుడు, న్యాయశాస్త్రం చదివినవాడు, ఝాలావాడ్ సంస్థానంలో ఉన్నతోద్యోగి. ఆయన ఎక్కువ కాలం కుటుంబానికి దూరంగా గడపడం వల్ల పిల్లల పెంపక భారమంతా తల్లి హేమాంగినీదేవిపైనే పడింది. ఘాజీపూర్ సమీపంలోని నస్రత్‌పూర్ ఆమె పుట్టినిల్లు. ఆ పల్లెలో మాతాదీన్ అనే చర్మకారుడు చక్కగా నర్తించేవాడు. అతని ఆట ఉదయశంకర్ బాల్యంలో చెరగని ముద్ర వేసింది. జగద్విఖ్యాతి పొందిన ఈ కళాకారుని తొలి గురువెవరని వెదికితే మనకు కనిపించేది ఏ ఆస్థాన నాట్యాచార్యుడో కాదు, శిష్యుడున్నాడని కూడ ఎరుగని ఈ పల్లె నర్తకుడే.

బొంబాయిలోని జె.జె. కళాశాలలో చిత్రకళ అభ్యసించిన తరువాత ఉదయశంకర్ 1920లో లండన్‌కు వెళ్ళి రాయల్ కాలేజ్ ఆఫ్ ఆర్ట్‌లో చేరారు. ఆ కళాశాల అధిపతి విలియం రోథెన్‌స్టైన్ భారతీయ కళను అభిమానించినవాడు. అప్పటికి శ్యామశంకర్ లండన్‌లోనే ఉండి భారతీయ కళాప్రదర్శనలు ఏర్పాటు చేస్తుండేవారు. వాటిలో కుమారుడు చేసిన నృత్యం సుప్రసిద్ధ రష్యన్ నర్తకి అన్నా పావ్లోవా దృష్టికి వచ్చింది. ఆమె కోరికపై ఉదయశంకర్ రెండు భారతీయ నృత్యాలను రూపొందించారు. ఒకటి హిందూ వివాహం, రెండవది రాధాకృష్ణులు. 1923లో లండన్‌లోని కోవెంట్ గార్డెన్ రంగస్థలంపై పావ్లోవా రాధగా, ఆయన కృష్ణునిగా నర్తించారు. ఆమె బృందంతో అమెరికా కూడ వెళ్ళివచ్చారు. బాలే నృత్యం నేర్చుకోవాలన్న కోరిక ఆయనకు కలిగినప్పుడు పావ్లోవా ప్రోత్సహించలేదు. తన దేశపు నాట్యాన్నే వెదికి తెలుసుకోమని హితవు చెప్పింది.

ఆమె బృందాన్ని విడిచిన పిదప పారిస్‌లో ఉదయశంకర్ గడ్డురోజులు చూశారు. చిన్న చిన్న వినోదశాలలలో నర్తించి పొట్టపోసుకున్నారు. సిమోన్ బార్బియే అనే ఫ్రెంచి యువతి ఆయన వద్ద నాట్యం నేర్చి, సిమ్కీ అన్న పేరుతో సహనర్తకి అయింది. స్విట్జర్లాండుకు చెందిన శిల్పి ఆలిస్ బోనర్ అండగా నిలిచింది. ఆమెతో కలిసి ఆయన 1930లో భారతదేశమంతా పర్యటించారు. ఆలయ శిల్పాలు, గుహాచిత్రాలు, పల్లెల ఆటపాటలు చూశారు. వాద్యాలు సేకరించారు. తల్లిని, తమ్ములను, సంగీతజ్ఞులను వెంటబెట్టుకొని పారిస్ చేరి, 1931 మార్చి 3న తొలి ప్రదర్శన ఇచ్చారు. ఆ తమ్ములలో కనిష్ఠుడు పదేళ్ళ రవిశంకర్, అనంతర కాలంలో సితార్ వాద్యానికి మారుపేరైన మహావిద్వాంసుడు.

ఆ సంవత్సరమే పారిస్‌లో గొప్ప అంతర్జాతీయ ప్రదర్శన జరిగింది. దానిలో పాల్గొనడానికి కలకత్తా నుండి అక్షయకుమార్ నంది అనే ఆభరణాల వర్తకుడు వచ్చారు. ఆయన వెంట వచ్చిన కుమార్తె పేరు అమల. 1919 జూన్ 27న జెస్సోర్ ప్రాంతంలోని బటాజోర్ గ్రామంలో జన్మించిన ఆమెకు అప్పటికి పన్నెండేళ్ళు కూడ నిండలేదు. పరాయిదేశంలో బెంగాలీ మాట వినిపించిన ఇల్లు హేమాంగినీదేవిది. ఆ తల్లి బాలికను ఆదరించింది. అమల ఉదయశంకర్ బృందంలో చేరి బెల్జియంలో జరిగిన ప్రదర్శనలో కాళియ సర్పంగా తొలిసారి రంగస్థలమెక్కింది. పడగెత్తిన కాళియునిపై కృష్ణుడై నర్తించినవారు ఉదయశంకర్. స్వదేశం చేరిన తరువాత ఆమె ఈ యాత్రా విశేషాలను బెంగాలీలో పుస్తకంగా రచించింది. ఆ వయసులో అది సామాన్యమైన విషయం కాదు.

యూరపు, అమెరికా ఖండాలలో ఉదయశంకర్ కీర్తి దినదినాభివృద్ధి చెందింది. అయితే స్వదేశంలో ఆయనకు ప్రశంసతోపాటు విమర్శ కూడ ఎదురైంది. ఏ సంప్రదాయంలోనూ క్రమశిక్షణ పొందని ఈ నర్తకుడు శాస్త్రీయ నాట్యానికి ప్రతినిధి ఎట్లా అవుతాడని కొందరు ప్రశ్నించారు. ఆ ప్రశ్న అన్యాయమైనదని అనలేము. ఆయన ప్రతిభకు ఆధారం చిత్రకారుని కన్ను. శిల్పాలలో స్తంభించిన భంగిమలను ఆయన కదిలించారు. కాని తరతరాల అభ్యాసంతో అబ్బే అడుగుల పట్టు, అభినయ సూక్ష్మత కేవలం కంటితో చూసి గ్రహించడానికి లొంగేవి కావు. ఈ లోపాన్ని అందరికంటె ముందు గుర్తించినవారు ఉదయశంకరే కావచ్చు. విదేశాలలో అంత పేరు వచ్చిన తరువాత కూడ ఆయన కేరళకు చెందిన శంకరన్ నంబూద్రి వద్ద శిష్యుడై కథకళి అభ్యసించారు. రవీంద్రనాథ ఠాగూరు వంటి పెద్దలు ప్రోత్సహించగా నాట్యవిద్యకు ఒక కేంద్రం స్థాపించాలని సంకల్పించారు.

హిమాలయ సానువులలో ఆల్మోరా పట్టణం చేరువన 1938లో ఆ సంకల్పం రూపుదాల్చింది. ఇంగ్లండులోని డార్టింగ్‌టన్ హాల్‌కు చెందిన ఎల్మ్‌హర్స్ట్ దంపతుల సహాయం దానికి ముఖ్యాధారం. అక్కడికి ఆహ్వానితులైన ఆచార్యులెటువంటివారో చూడండి. కథకళికి శంకరన్ నంబూద్రి, భరతనాట్యానికి బాలసరస్వతి గురువైన కందప్ప పిళ్ళై, మణిపురికి అమోబీ సింగ్, సంగీతానికి ఉస్తాద్ అల్లాఉద్దీన్ ఖాన్. ఒకే ప్రాంగణంలో ఇన్ని సంప్రదాయాల గురువులు కూడడం ఆనాటికి అపూర్వం.

శిక్షణ విధానం కూడ కొత్తది. సంప్రదాయ నృత్యాలతో పాటు నడక ఒక పాఠం. మనిషి ఎట్లా నడుస్తాడు, బరువు మోసేటప్పుడు భుజం ఎట్లా వంగుతుంది, భయపడినప్పుడు చేయి ఎటు కదులుతుంది అని గమనించి, ఆ గమనించినదాని నుండి విద్యార్థి స్వయంగా కదలికలను కల్పించుకోవాలి. గురువు చూపినదానిని అనుకరించడంతో చదువు ముగిసేది కాదు. యంత్రాల మధ్య చిక్కిన శ్రామికుని జీవితం అక్కడ నృత్యరూపకమైంది. రామకథను ఛాయానాటకంగా ప్రదర్శించారు. తోలుబొమ్మలాట ఎరిగిన మనకు తెరపై నీడలు కొత్త కావు. అక్కడ తెరవెనుక కదిలినవి బొమ్మలు కాక మనుషులు కావడమే విశేషం. ప్రసిద్ధ నటి జోహ్రా సెహగల్ అక్కడ బోధించారు. తరువాతి కాలంలో చలనచిత్ర దర్శకుడైన గురుదత్ అక్కడి విద్యార్థి.

అమల కూడ పెరిగి పెద్దదై ఆల్మోరాలో విద్యార్థినిగా చేరారు. 1942లో ఉదయశంకర్, అమలల వివాహం జరిగింది. ఇద్దరి నడుమ పందొమ్మిదేళ్ళ అంతరముంది. ఆ సంవత్సరాంతంలో కుమారుడు ఆనంద్ జన్మించాడు. రంగస్థలంపై ఆయన శివుడైతే ఆమె పార్వతి. తెరవెనుక కూడ ఆమె చేతికి తీరిక లేదు. అయితే సంసారం స్థిరపడేనాటికి సంస్థ కూలిపోతున్నది. ద్వితీయ ప్రపంచయుద్ధం వల్ల రాకపోకలు, విరాళాలు స్తంభించాయి. 1944 నాటికి ఆల్మోరా కేంద్రం మూతపడింది. ఆచార్యులు, శిష్యులు తలో దిక్కూ వెళ్ళిపోయారు.

చేజారిన సంస్థను ఉదయశంకర్ తెరపై నిలుపదలచారు. ఆ ప్రయత్నఫలమే 'కల్పన' చలనచిత్రం. బృందంతో మద్రాసు చేరి, జెమినీ స్టూడియోలో ఏళ్ళ తరబడి శ్రమించి దానిని నిర్మించారు. రచన, దర్శకత్వం, నాయకపాత్ర ఆయనవే. నాయిక ఉమగా అమల నటించారు. ఛాయాగ్రహణం కె.రామ్‌నాథ్‌ది. దక్షిణాది ప్రేక్షకులకు ఆరాధ్య నటీమణి అయిన పద్మిని బాలికగా తొలిసారి తెరపై కనిపించింది ఈ చిత్రంలోనే. హిమాలయాలలో కళాకేంద్రం నెలకొల్పాలని తపించిన ఒక నర్తకుని కథ ఇది. ఆ కథను ఒక రచయిత చిత్రనిర్మాతకు వినిపిస్తుండగా సినిమా మొదలవుతుంది. డబ్బు రాని కథ అని నిర్మాత దానిని తోసిపుచ్చుతాడు. ఉదయశంకర్ హాస్యానికి కల్పించిన ఆ సన్నివేశం ఆయన పట్ల నిజమైంది. 1948లో విడుదలైన 'కల్పన' విమర్శకుల మెప్పు పొందింది కాని పెట్టుబడి తిరిగి రాలేదు. అదే సంవత్సరం అదే స్టూడియో విడుదల చేసిన 'చంద్రలేఖ', పెద్ద పెద్ద ఢంకాలపై సాగిన నృత్యంతో దేశమంతటా జనాన్ని ఆకర్షించింది.

ఆ తరువాత దంపతులు మళ్ళీ బృందాన్ని కూర్చుకొని విదేశయాత్రలు చేశారు. బుద్ధుని జీవితాన్ని ఛాయానాటకంగా రూపొందించినప్పుడు అమల కుంచెకు బదులు వ్రేళ్ళతో, గోళ్ళతో చిత్రాలు గీశారు. 1955లో కుమార్తె మమత జన్మించింది. 1965లో కలకత్తాలో ఆల్మోరా కేంద్రం పేరుతోనే నృత్యశిక్షణాలయం ప్రారంభమైంది. దాని నిర్వహణ అమల చేతిలో ఉండేది. ఉదయశంకర్‌కు 1971లో పద్మవిభూషణ్ పురస్కారం లభించింది. కాని చివరి సంవత్సరాలలో భార్యాభర్తలు వేరువేరుగా జీవించారు. ఆయన ఆరోగ్యం దెబ్బతిన్నది, ఆర్థికంగా కూడ ఇబ్బందులున్నాయి. 1977 సెప్టెంబరు 26న కలకత్తాలో ఆయన మరణించారు.

భర్తతో ఎడబాటు వచ్చినా, ఆయన మరణించినా, అమల శిక్షణాలయాన్ని మాత్రం విడువలేదు. ఆల్మోరాలో తాను నేర్చిన పద్ధతిలోనే, ముందు నడక, ఆపైన గమనిక, ఆపైన కల్పన అన్న వరుసలో, దశాబ్దాలపాటు పిల్లలకు బోధించారు. చదువు చెప్పే ఓపిక భర్తకంటె ఆమెకే ఎక్కువని అనిపిస్తుంది. ఆయన సృష్టించి ముందుకు సాగిపోయే స్వభావం గలవారు. ఆయన వెనుక మిగిలినదాన్ని ఏరి, పోగుచేసి, తరువాతివారికి అందించే పని ఆమెది. ఆనంద్ సంగీతకర్తగా, మమత నటిగా, నర్తకిగా పేరుపొందారు. ఆనంద్ 1999లో తల్లికంటె ముందే మరణించడం ఆమె వార్ధక్యంలో కలిగిన పెద్ద దుఃఖం.

శిథిలమైపోతున్న 'కల్పన' ప్రతిని అంతర్జాతీయ సంస్థలు బాగుచేయించి 2012లో ఫ్రాన్సులోని కాన్ చిత్రోత్సవంలో ప్రదర్శించాయి. తొంబదిరెండేళ్ళ అమల ఆ సభకు స్వయంగా హాజరయ్యారు. ఎనుబదేళ్ళ క్రితం ఆమె గజ్జె కట్టినది కూడ ఆ దేశానికి వచ్చిన తరువాతనే. తెరపై ఉమ వయసు మారలేదు, ఉదయశంకర్ చేతుల కదలిక మారలేదు. 2020 జూలై 24న నూటొక్క సంవత్సరాల వయసులో అమలాశంకర్ కోల్‌కతాలో కన్నుమూశారు.