చదరంగపు ప్రభువు ముమ్మడి కృష్ణరాజ ఒడెయరు

మన కోలారు సీమ మైసూరు సంస్థానంలో అంతర్భాగమై ఉన్న కాలాన దానిని ఏలిన ముమ్మడి కృష్ణరాజ ఒడెయరు 1794లో జన్మించారు. 1799లో టిప్పు మరణానంతరం ఐదేండ్ల బాలునిగా సింహాసనమెక్కారు. 1811 వరకు దివాన్ పూర్ణయ్య, పిమ్మట తామే స్వయంగా రాజ్యభారం వహించారు. నగర ప్రాంతపు రైతుల తిరుగుబాటును సాకుగా చూపి 1831లో కుంపిణీవారు అధికారం లాగుకొన్నారు. కోలారు సైతం కమిషనర్ల ఏలుబడిలోకి పోయింది.

అధికారం పోయినా ప్రభువుకు చదరంగంపై మక్కువ తగ్గలేదు. గుర్రం మెట్టిన గడిని మరల మెట్టక అరువది నాలుగు గళ్ళనూ చుట్టిరావలెననే చిక్కు ఆయనకు ప్రాణం. ఆయన కూర్చిన ఒక గతిలో, గుర్రం నడిచిన వరుసనే 1 నుండి 64 వరకు అంకెలు వేస్తే, ఏ అడ్డువరుసను గాని, నిలువువరుసను గాని కూడినా 260 వస్తుంది. మన లెక్కల అయ్యవార్లు నల్లబల్లపై ప్రయత్నించి చూడవచ్చును. ఒక పీరియడు చాలదు! ఆయన ఆటపలకల చిత్రాలు మైసూరు జగన్మోహన ప్యాలెస్ గోడలకెక్కాయి.

రాజ్యం తిరిగి ఇమ్మన్న విన్నపాలు మాత్రం ఆయన జీవితకాలంలో ఫలించలేదు. 1865లో దౌహిత్రుని దత్తత చేసుకొని, 1868 మార్చి 27న కన్నుమూశారు. ఆ దత్తపుత్రుడు చామరాజ ఒడెయరుకు 1881లో రాజ్యం దక్కింది. అప్పటికే కోలారు బంగారు గనులకు జాన్ టేలర్ సంస్థ వచ్చి ఉన్నది.