శ్రీ వేంకటపతి దేవరాయలు

తిరుమల దేవాలయమున మహాద్వారము దాటి లోనికి పోవువారు శ్రీకృష్ణదేవరాయల ప్రతిమను గుర్తించి ఒక క్షణము నిలుతురు. ఇరువైపుల దేవేరులతో చేతులు జోడించి నిలిచిన ఆ రాగి విగ్రహమును మన పాఠశాల బాలబాలికలలో చూడనివారు అరుదు. ఆ మండపమునందే మఱియొక రాజు రాగి ప్రతిమ కలదు. జనసమ్మర్దములో దానిని చూచువారు కొందఱే. చూచినను పేరెఱిగినవారు మఱింత కొందఱు. ఆయనయే వేంకటపతి దేవరాయలు. మన వడమాలపేటకు ఒక దినపు నడక దూరములోనున్న చంద్రగిరియందు కొలువుండి, తెలుగు, తమిళ, కన్నడ దేశములందు పెక్కు భాగములను ఇరువదియెనిమిది వత్సరములు పాలించినవాడు. రాజ్యమన నేమి, దానిపై సర్వాధికారమన నేమి, ఒక రాజ్యము రాజ్యమే యని పరదేశములచే నెట్లు ఒప్పించుకొనవలెను అను ప్రశ్నలు మన పాఠ్యపుస్తకములలో పొడి మాటలుగా కనబడును. ఈయన జీవితములో అవియే ప్రాణసంకటములయ్యెను.

ఈయన ఆరవీటి వంశమువాడు. అళియ రామరాయల తమ్ముడగు తిరుమలరాయల కడపటి కుమారుడు. 1565వ సంవత్సరము జనవరిలో రక్కసి తంగడి యుద్ధమున రామరాయలు హతుడు కాగా, తిరుమలరాయలు దొరకినంత ధనముతో విజయనగరమును విడిచి పెనుగొండ చేరెను. కొన్ని యేండ్లకు తానే పట్టాభిషిక్తుడై రాజ్యమును ముగ్గురు కుమారులకు మూడు భాగములుగా అప్పగించెను. తెలుగు సీమ పెనుగొండనుండి శ్రీరంగరాయలకు, కన్నడ సీమ శ్రీరంగపట్టణమునుండి రామరాజునకు, తమిళ సీమ చంద్రగిరినుండి వేంకటపతికి చేరెను. శ్రీరంగరాయలు సంతానము లేక మరణించుటచే 1586లో వేంకటపతి సింహాసనమెక్కెను. రామరాజు కుమారులు అప్పటికి పిన్నవారు. వారిని దాటి పినతండ్రిని రాజుగా ఎన్నుకొనుట ఆ కాలపు అవసరమేగాని, దాని కొఱకై తరువాత చెల్లింపవలసిన మూల్యము పెద్దదయ్యెను.

సింహాసనమెక్కిన కొలది కాలమునకే, 1589 ప్రాంతమున, గోలకొండ సుల్తాను మహమ్మద్ కులీ కుతుబ్ షా పెనుగొండను ముట్టడించెను. కోటలో తిండిగింజలు చాలవు. రాయలు సంధి కోరి రాయబారులను పంపెను. సుల్తాను ఆ మాట నమ్మి దండును కొంత వెనుకకు తీసెను. ఆ మూడు దినములలో కోటలోనికి ధాన్యమును మందుగుండును చేరెను. జగదేవరాయలు మొదలగు వీరులు తమ సేనలతో ప్రవేశించిరి. వానకాలము దగ్గఱపడెను. కృష్ణ పొంగినచో ఇంటిదారి మూసికొనిపోవునని తలంచి సుల్తాను మరలిపోయెను. ఇది యుక్తియా, మోసమా యని మన విద్యార్థి సంఘములో వాదము పెట్టవచ్చును. గింజలు లేని కోటలోనివారి పక్షముననే నా మనస్సు మొగ్గుచున్నది. పిమ్మట రాయలు పోయిన దుర్గములను కొన్నింటిని మరల గైకొని, తన రాజ్యపుటెల్ల కృష్ణానదియే యని చాటగలిగెను.

లోపలి శత్రువులు ఇంతకంటె కఠినులు. మధుర, తంజావూరు, చెంజి నాయకులు పేరునకు సామంతులు. దండు తమ గుమ్మములోనికి వచ్చినపుడే కప్పము చెల్లించువారు. 1601లో వెలుగోటి యాచమనాయకుడు ఉత్తరమేరూరు కడ తిరుగుబాటుదారులను ఓడించెను. వేలూరి లింగమనాయకుడు స్వతంత్రింపగా, దామెర్ల చెన్నప్పనాయకుడు 1604లో ఆ కోటను పట్టి రాజునకు సమర్పించెను. చెన్నప్ప పేరును చదువరులు జ్ఞాపకముంచుకొందురుగాక, మరల దానితో పనియున్నది. నీటి కందకముతో చుట్టబడిన ఆ బలమైన రాతికోటయే తరువాత రాజధానియయ్యెను.

ఈ యుద్ధముల నడుమ చంద్రగిరి కొలువు పండితులకును ఆశ్రయమై యుండెను. అప్పయ్య దీక్షితులు కువలయానందమను అలంకార గ్రంథమును వేంకటపతి కోరికపైననే వ్రాసెను. పూర్వరాజులు శాసనములపై విరూపాక్షుని పేరు చేవ్రాలుగా ఉంచెడివారు. ఈయన దానికి మారుగా వేంకటేశుని పేరుంచెను. ఆయన బంగారు వరహాలపైనను ఆ దేవుని రూపమే. రాజధాని తుంగభద్ర తీరమునుండి మన కొండల నడుమకు మాఱినదను సంగతి ఆ చేవ్రాలులోనే తెలియుచున్నది.

ఇక సముద్రతీరపు సంగతి. 1598లో యేసుసభకు చెందిన గురువులు మైలాపూరు శాంతోమునుండి చంద్రగిరికి వచ్చిరి. రాయలు వారిని ఆదరించి, దేవాలయము కట్టుకొనుటకు అనుమతియు, ఖర్చులకు ఆదాయమును ఇచ్చెను. వారిలో చిత్రకారుడైన యొకడు రాజున కెంతయు ప్రీతిపాత్రుడై పటములు వ్రాసెను. ఆ పటములలోని కథలను రాయలు అడిగి తెలిసికొనెడివాడు. మతము మార్చుకొను తలంపు ఆయనకు లేదు. వారిని వెడలగొట్టు తలంపును లేదు. వారి వెనుక, తెలుగువారు బుడుతకీచులని పిలిచిన పోర్చుగీసువారి ఓడలును ఫిరంగులును ఉండెనని ఆయన ఎఱుగును. ఆయన ఎఱుగునని గురువులును ఎఱుగుదురు. 1580 మొదలు స్పెయిను, పోర్చుగలు దేశములు రెండును ఒకే రాజు క్రింద నుండెను. ఆ రాజగు మూడవ ఫిలిప్పు వేంకటపతికి స్నేహపూర్వకముగా లేఖలు వ్రాసెను. వేంకటపతియు గోవాకు రాయబారము నంపెను. సగము లోకము తనదనుకొను రాజొకడు మన సీమలోని రాజును రాజుగా నెంచి జాబు వ్రాయుట చిన్న విషయము కాదు.

అంతలో డచ్చివారు వచ్చిరి. వీరు ఫిలిప్పు వంశపు ఏలుబడిపై తిరుగబడి 1568 నుండి పోరాడుచున్నవారు. ఫిలిప్పు దృష్టిలో డచ్చివారికి రాజ్యమే లేదు, వారు తిరుగుబాటుదారులు. వారి స్వాతంత్ర్యమును స్పెయిను పూర్తిగా ఒప్పుకొన్నది 1648లోనే. కాని 1610లో వేంకటపతి వారితో సంధి చేసికొని, ప్రళయకావేరి రేవునందు, అనగా పులికాట్టునందు, వర్తకశాల కట్టుకొన ననుమతించెను. ఐరోపారాజులు ఇంకను తేల్చుకొనలేని ప్రశ్నను వేలూరి కొలువు తన మేరకు తేల్చివేసెను. పోర్చుగీసువారు డచ్చివారిని వెడలగొట్టుడని ఒత్తిడి చేసినను ఆ కౌలు నిలిచెను. ఎవరిని తన రేవునకు రానిచ్చుట, ఎవరిని మాన్పుట అను నిర్ణయము రాజుదే గాని అతిథిది కాదుగదా.

అయితే ఆ సంధిలోనే యొక ముల్లు దాగియుండెను. డచ్చి ప్రభువగు మారిసు అనుమతిపత్రము లేనిదే ఐరోపావారెవరును ఆ రేవున వర్తకము చేయరాదని ఒప్పందము. 1611లో ఆంగ్లేయుల గ్లోబు అను ఓడ పులికాట్టునకు రాగా, డచ్చివారు ఈ కౌలును చూపి వారిని త్రిప్పి పంపిరి. వారు నిజాంపట్నమునకును మచిలీబందరునకును పోయిరి. తన నేలపై ఎవరు వ్యాపారము చేయవలెనో పలుకు హక్కును రాయలు దూరదేశపు ప్రభువు చేతిలో పెట్టినట్లయినది. అధికారమును ఇచ్చుట వేఱు, ఇచ్చు అధికారమునే ఇచ్చివేయుట వేఱు. రాజ్యాధికారము పంచుకొనరానిదని బోదాఁ అను ఫ్రెంచి న్యాయవేత్త 1576లోనే గ్రంథము వ్రాసియుండెను. అది చంద్రగిరికి చేరియుండదు. చేరినను, నౌకాదళము లేని రాజునకు అది ఏపాటి సాయము చేసియుండెడిదో చెప్పలేను.

ఫలితము త్వరలోనే కనబడెను. 1612లో పోర్చుగీసువారు శాంతోమునుండి పోయి డచ్చివారి వర్తకశాలను ధ్వంసము చేసిరి. ఇద్దఱు పరదేశులు రాయల నేలపై, రాయల సెలవు లేకయే, తమ యింటి కలహమును తీర్చుకొనిరన్నమాట. ఆ రేవు రాణి ఓబాంబ వశమున నుండెను. అచ్చట ప్రారంభమైన కోటను డచ్చివారే పూర్తిచేసి, 1613లో దానికి గెల్డ్రియా యని తమ దేశపు పేరుంచి, తామే కాపురముండిరి.

పడమటి దిక్కునను ఇట్టిదే జరిగెను. 1610లో మైసూరు రాజ ఒడయరు శ్రీరంగపట్టణమును రాయల అన్నకుమారునినుండి గైకొనెను. దానిని మరల పట్టుటకు మాఱుగా రాయలు 1612లో ఆ పట్టణమును ఉమ్మత్తూరును ఒడయరునకు దానమిచ్చినట్లు శాసనము వ్రాయించెను. తాను నిలుపలేకపోయినదానిని తానే యిచ్చినట్లు వ్రాయుట చూచి నవ్వరాదు. గెలిచినవాడు సైతము ఆ వ్రాత కావలెననుకొనుటయే రాయల కింకను మిగిలిన బలము.

ఆయన తన తప్పును గ్రహించెనని నమ్ముటకు ఆధారమొకటి కలదు. 1614లో మచిలీబందరులోని ఆంగ్ల వర్తకులకడకు రాయల దూతలు వచ్చిరి. బంగారు రేకుపై వ్రాసిన కౌలొకటియు, రాయల హస్తముద్రను గంధముతో అద్దిన తెల్లని వస్త్రమొకటియు తెచ్చిరి. పులికాట్టులో పూర్వము జరిగినదానికి చింతించి, ఇపుడు వచ్చి తమ కిష్టమైన చోట ఇల్లో కోటయో కట్టుకొనవలసినదని అందలి సారము. ఒక పరదేశి బలమును మఱియొక పరదేశి బలముతో తూచవలెనని వృద్ధరాజు ఆశించెను. ఆ మంతనములు సాగుచుండగనే, ఆ యేడు అక్టోబరులో, ఆయన మరణించెను.

సంతానము లేని ఆ రాజు చివరి క్షణమున అన్నకుమారుడగు శ్రీరంగనికి రాజ్యమిచ్చెను. రాణి పక్షమున గొబ్బూరి జగ్గరాయడు ఆ శ్రీరంగని బంధించి సకుటుంబముగా చంపించెను. యాచమనాయకుడు ఒక చాకలివాని సాయముతో రామదేవుడను బాలుని మాత్రము చెఱనుండి తప్పించెను. ఆ బాలునికై జరిగిన యుద్ధము దక్షిణదేశము నంతను రెండుగా చీల్చెను. బ్రతికియుండగా వారసుని నిలుపకపోవుటయే రాయలు చేసిన పెద్ద తప్పని నా తలంపు. పరదేశులతో చేసిన పొరపాటును దిద్దుకొన ప్రయత్నించెను. ఇంటి పొరపాటును దిద్దుకొన కాలము చాలలేదు.

బంగారు రేకుపై పిలిచిన ఆంగ్లేయులు ఇరువదియైదేండ్లకు నిజముగనే వచ్చిరి. 1639లో వారికి సముద్రతీరమున కొంత చోటిచ్చి కోట కట్టుకొన ననుమతించినవాడు దామెర్ల వేంకటాద్రినాయకుడు. పూర్వము వేలూరికోటను పట్టి వేంకటపతికిచ్చిన చెన్నప్పకు ఇతడు కుమారుడు. ఆ చోట వెలసిన ఊరికి తండ్రి పేరనే చెన్నపట్టణమను పేరు కలిగెను. మన వడమాలపేట మీదుగా పోవు రాజమార్గము చేరునది ఆ పట్టణమునకే.